రెండో ఏడుపు

“ఎంతసేపురా బుజ్జీ? అవతల నీ బహుమతి వేరేవాళ్లకి కట్టబెట్టేస్తారు!”

“ఇప్పుడే వచ్చేస్తానమ్మా. నువ్వు మాత్రం కారు దిగకు.”

తల్లిని కారులోనే ఉంచి దర్శకుడు సందులోకి నడిచాడు. ఊరందరికీ పెద్ద దర్శకుడైనా ఆవిడకి ఇంకా బుజ్జిగాడే. డాక్యుమెంటరీలు తీసి తీసి జుట్టంతా ఊడిపోయింది. ఆ సాయంత్రం అతనికి జీవిత సాఫల్య పురస్కారం. సభలో వేసేది మాత్రం మొట్టమొదట తీసిన చిత్రమే. మిల్లు ప్రమాదంలో భర్త పోయిన ఇల్లాలు గోడకి చేరబడి ఏడ్చే దృశ్యం ఉంది అందులో. అతనికి పేరొచ్చినా, ఇల్లొచ్చినా ఆ ఏడుపు వల్లే.

ఆ ఇల్లాలు ఇప్పుడు సందు చివరి ఇంట్లో కుట్టుమిషను ముందు కూర్చుని స్కూలు చొక్కాలు కుడుతోంది. తలెత్తి చూసి, “నువ్వా తమ్ముడూ! అంత జుట్టూ ఏం చేశావ్?” అని నవ్వింది.

ఆ నవ్వుకి అతనికి మరీ సిగ్గేసింది. తిట్టినా బాగుండేది. కుర్చీ అంచున కూర్చుని గొంతు సవరించుకున్నాడు.

“అక్కా, సాయంత్రం జనం ముందు మళ్లీ ఆ బొమ్మ వేస్తారు. నువ్వు వద్దంటే ఆపించేస్తాను. నన్ను క్షమించానంటేనే స్టేజీ ఎక్కుతాను.”

“క్షమించడానికి ఏం చేశావని?”

“మిల్లు గేటు దగ్గర గుండె పగిలేలా ఏడ్చావు చూడు, అది నా కెమెరాలో పడలేదక్కా. అప్పటికే నడుస్తున్న కెమెరాని, మొదలుపెడుతున్నాననుకుని ఆపేశాను. తీరా చూసుకుంటే నీ దగ్గరికి పరిగెత్తుతున్న నా బూట్లు పడ్డాయి, నువ్వు పడలేదు. అందుకే మర్నాడు మళ్లీ వచ్చి...”

వచ్చి, మళ్లీ ఏడవమన్నాడు. అప్పటికే ఆమె కన్నీళ్లు ఇంకిపోయి గోడకేసి చూస్తూ కూర్చుంది. వదిలేసి వస్తే మనిషి అనిపించుకునేవాడు. వదల్లేదు. పక్కనే చతికిలబడి, ఆమెకి ఏడుపు తెప్పించడానికి నోటికొచ్చినవన్నీ చెప్పాడు. ఏం చెప్పాడో ఇప్పుడు అతనికే గుర్తులేదు. ఆ తర్వాత ఎంతమందికి ఎన్ని చెప్పలేదు గనక! మొత్తానికి ఆమె భోరుమంది. ఈసారి కెమెరా సరిగ్గానే నడిచింది.

“మొగుడు పోయినదాన్ని పట్టుకుని మళ్లీ ఏడిపించాను. శవాల మీద పేలాలు ఏరుకునేవాడికీ నాకూ తేడా ఏముందక్కా?” అన్నాడు తల దించుకుని.

ఆమె దారం కొరికి, చొక్కా పక్కన పెట్టింది. “ఊరుకో. ఆ రోజు నా బాధ నాదీ, నీ బాధ నీదీ. పాపం, అప్పటికి నువ్వెంత! వేళకి తిన్నావో లేదో, ఎవరు పెట్టారో ఏమోనని చాన్నాళ్లు అనుకునేదాన్ని.”

తను చేసిన పనికి ఈమె తన తిండి గురించి బెంగపడిందా! అతనికి ముఖం ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు.

“వేసుకోనీ తమ్ముడూ. వెళ్లి బహుమతి తీసుకో,” అంది ఆమె.

ఇన్నేళ్లుగా గుండెల మీదున్న బరువు దిగినట్టయింది. అతను కళ్లు తుడుచుకుని లేవబోతుండగా గుమ్మంలో చేతికర్ర చప్పుడైంది.

“ఒరేయ్ బుజ్జీ! కారులో ఉడికిపోతున్నానురా. అమ్మాయ్, కాసిని మంచినీళ్లిస్తావా?”

ఆమె గబగబా గ్లాసుతో వచ్చి, “రండి పిన్నిగారూ, కూర్చోండి. మీ మేనత్తగారా తమ్ముడూ?” అంది.

“మేనత్తేమిటే! వీణ్ణి కన్నతల్లిని,” అంది పెద్దావిడ నవ్వుతూ.

ఇవ్వబోతున్న గ్లాసు ఆమె చేతిలోనే ఆగిపోయింది. పెద్దావిడని పైనుంచి కిందిదాకా చూసి, అతని వైపు తిరిగింది.

“మీ అమ్మ పోయిందన్నావనే కదా తమ్ముడూ, ఆ రోజు నేను ఏడ్చింది.”