రెండో కణుపు దాకా

"ఇంకొక్క చుక్క పోశావంటే ఆ మొక్కను వేళ్ళతో సహా పీకి అవతల పారేస్తాను!"

తోటమాలి అరుపుకి గోడ మీది పిచ్చుకలు ఎగిరిపోయాయి గానీ, అతని భార్య తల కూడా తిప్పలేదు. నేల మీద చతికిలబడి, క్యాను మూతిని బంతి మొక్క మొదట్లో ఆనించి నెమ్మదిగా వంచుతూనే ఉంది. తెల్లారి గంట కాలేదు, అప్పుడే మూడో క్యాను.

"దాహంగా ఉందండీ," అంది.

"దాహమా! సూర్యుడి మొహం చూసి ఐదు రోజులైంది. ఈ చలిలో బంతికి వారానికోసారి పోస్తే అదే ఎక్కువ, లేదంటే వేళ్ళు కుళ్ళి చస్తుంది. ఊళ్ళో పార్కులన్నీ పెంచేవాణ్ణి, నాకే పాఠాలు చెప్తావా?"

"మిగతావాటికి నేను పోయడం లేదుగా."

అదీ నిజమే. వంటింటి గోడ వెంట ఇరవై మూడు మొక్కలు చలికి ముడుచుకుని జానెడు ఎత్తులో ఆగిపోయాయి. ఇదొక్కటే నడుము దాకా ఎదిగి, కొమ్మకి నాలుగేసి చొప్పున విరగబూసింది. దాని గుంటలో వేసిన మట్టి మాత్రం ఈ ఇంటిది కాదు. తొమ్మిది రోజులు బతికిన కొడుకుని శ్మశానంలో పెట్టి వచ్చిన నాడు ఆమె గుప్పిట్లో తెచ్చుకున్న మట్టి. నాలుగు నెలలైంది. ఆ సంగతి ఇద్దరిలో ఎవరూ ఎత్తరు.

మొక్క చస్తే చచ్చింది, అతని బెంగంతా భార్య గురించే. చన్నీళ్ళకి ఆమె వేళ్ళు పగిలి నెత్తురోడుతున్నాయి. ముద్ద నోట పెట్టి మూడు రోజులైంది. ఇంకో వారం ఇలాగే వదిలేస్తే మనిషి దక్కదని డాక్టరు మొహం మీదే చెప్పేశాడు. అందుకే బావమరిదికి కబురు పెట్టాడు. అతని కారు వాకిట్లో ఆగి ఉంది. పిచ్చాసుపత్రి అనడానికి నోరు రాక, నాలుగు రోజులు విశ్రాంతి అని చెప్పుకుంటున్నారు ఇద్దరూ.

"అక్కా, సంచీ సర్దుకున్నావా?" గేటు అవతల నుంచి కేకేశాడు బావమరిది.

ఆమె క్యాను కింద పెట్టింది. "నేను వెళ్ళిపోతే వీడికి నీళ్ళెవరు పోస్తారు?"

"వీడేమిటే, నా తల్లీ! మొక్కకి వాడూ వీడూనా?" తోటమాలి ఆమె పక్కనే గొంతుక్కూర్చున్నాడు. "సరే, నీ మాటే కానీ. వేలు పెట్టి చూస్తాను. తడి తగిలిందా, నోరెత్తకుండా కారెక్కాలి."

"తగలకపోతే?"

"తగలకపోతే మీ తమ్ముడికి కాఫీ ఇచ్చి పంపించేస్తాను. దగ్గరుండి నేనే నీళ్ళు పోస్తాను. చాలా?"

ఆ పందెం అతను గెలిచేసినట్టే. మూడు క్యాన్లు కళ్ళ ముందే పోసింది మరి! అయినా పైమట్టిని చూసి నమ్మే మనిషి కాదు. పాతికేళ్ళ అలవాటు, చూపుడువేలు రెండో కణుపు దాకా గుచ్చితే గానీ ఏ మొక్క సంగతీ తేల్చడు. గుచ్చాడు.

లోపల మట్టి జల్లించిన పిండిలా పొడిగా ఉంది.

"ఇదేం చోద్యం!"

వేలు లాగి చూసుకున్నాడు. గోటికైనా తడి అంటలేదు. పక్క మొక్క మొదట్లో గుచ్చితే, వారంగా చుక్క నీళ్ళు పోయని ఆ మట్టి చల్లగా వేలికి అంటుకుంది. ఎలక బొరియ ఏదో ఉండుంటుంది, నీళ్ళన్నీ అందులోకే పోతున్నాయి, అనుకున్నాడు. లేచి వెళ్ళి నిండు క్యాను తెచ్చి తనే వంచాడు. చుక్క కూడా పక్కకి పారలేదు. మట్టి అడుగున గుటక పడిన చప్పుడైంది. తర్వాత ఇంకోటి.

"అంత గబగబా పోయకండి, పొలమారుతుంది," అందామె.

ఆమెకి నమ్మకం పోవాలనో, తనకి భయం పోవాలనో, ఈసారి వేలు మొదలంటా దించేశాడు. మళ్ళీ పొడే. పైగా వెచ్చగా ఉంది. చుట్టూ గడ్డి మంచుకి తెల్లబారి ఉంటే, ఈ జానెడు నేల మాత్రం దుప్పటి కింది పక్కలా వెచ్చగా ఉంది.

వేలు లాక్కోబోయాడు. రాలేదు.

మెత్తటిదేదో వేలి చుట్టూ మూసుకుంది. వేరు కాదు. మొక్కల వేళ్ళు ఎలా చుట్టుకుంటాయో అతనికి కొత్తగా ఎవరూ చెప్పక్కర్లేదు. బలం కొద్దీ లాగాడు. పట్టు ఇంకాస్త బిగిసింది, మొక్క మొత్తం వణికి, ఉన్న పూలన్నీ ఒక్కసారి ఊగాయి. భార్య వంక చూశాడు. ఆమె అతని ముఖంలోకి ఆశగా చూస్తోంది, అంతే.

ఇలాంటి పట్టు అతను ఎరగనిదేం కాదు. తొమ్మిది రోజులు ఎరుగును.

లాగడం మానేశాడు.

గేటు తోసుకుని బావమరిది విసవిసా లోపలికి వచ్చాడు. "ఏంటి బావా, ఇంకా ఆ మొక్క దగ్గరేనా? పదింటికల్లా రమ్మన్నాడు డాక్టరు. అక్కని లేపు, బయల్దేరదాం!"

తోటమాలి కదల్లేదు. కళ్ళ వెంట నీళ్ళు ధారగా కారుతున్నాయి. రెండో చెయ్యి మెల్లగా పైకెత్తి, ఆగమని సైగ చేశాడు.

"ష్... గట్టిగా మాట్లాడకు. ఇప్పుడే నిద్రపోయాడు."