లేని దీవి నుంచి ఫోన్

సముద్రం మ్యాపులు గీయడం మా ఇంటి పని. కాపీ కొట్టేవాళ్లు దొరికిపోవాలని, ప్రతి మ్యాపులో ఓ లేని దీవి పెడతాం. ఈసారి ముచ్చటపడి దాని మీద లైట్‌హౌస్ బొమ్మ కూడా వేశాను.

రాత్రి పని గదిలో ఫోన్ మోగింది. అవతల అలల హోరు.

"లైట్‌హౌస్ వేశావు సరే, మెట్లేవి తల్లీ? పైనే కూర్చుని కూర్చుని కాళ్లు పట్టేశాయి."

ఇది మా బావ వేళాకోళమే అనుకుని, నవ్వుకుంటూ మెట్లు గీశాను. ఫోన్లో చెప్పుల చప్పుడు టకటకా కిందికి దిగింది. తిరిగి చూస్తే, బావ నా వెనక బల్ల మీద తల వాల్చి గురకపెడుతున్నాడు.

"పడవ... పడవ కూడా వేయమంటారా?" అన్నాను.

"వద్దమ్మా. నీ మ్యాపు కాపీ కొట్టినవాడు ఒకటి వేశాడు. ముందు వాడి పని చూసుకుని, అట్నుంచి మీ ఇంటికే వస్తా."