ఎదురింట్లో రాహుకాలం అయిపోయింది

దేశాన్ని నాలుగు టైములుగా విడగొట్టినప్పుడు, సరిహద్దు గీత సరిగ్గా హైమవాళ్ళ వీధి మధ్యనుంచి పోయింది. అప్పట్నుంచి ఎదురింటి గడియారాలు వీళ్ళకంటే గంట ముందు నడుస్తున్నాయి.

సోమవారం ఎనిమిదింబావుకి హైమ చెప్పులేసుకుంటుంటే నాయనమ్మ వెంకాయమ్మ గుమ్మానికి అడ్డం నిలబడింది.

"రాహుకాలంలో బయల్దేరతావా? తొమ్మిదిదాకా కదలకు."

"తొమ్మిదికే ఇంటర్వ్యూ నాయనమ్మా! ఆఫీసు కూడా మన టైములోనే ఉంది."

"అయితే ఊరికే కూర్చోడానికన్నట్టు ఎదురింటికెళ్ళు. అక్కడ తొమ్మిదింబావు, రాహుకాలం పోయింది. అక్కణ్ణుంచి బయల్దేరు."

ఎదురింటి రత్తమ్మగారి అరుగు మీద అప్పటికే ఐదుగురున్నారు. ఆవిడ ఒక్కొక్కరికీ మంచినీళ్ళిచ్చి, ఎదురొచ్చి మరీ సాగనంపుతోంది. హైమ వెనకే వచ్చిన టై పెద్దమనిషి, "నన్ను ముందు పోనిస్తావా అమ్మా, ఆఫీసుకి ఆలస్యమైపోతోంది" అని బతిమాలాడు. హైమ ససేమిరా అంది.

తొమ్మిదింటికి ఆఫీసులో ఇంటర్వ్యూ చేసే ఆయన కుర్చీ ఖాళీగా ఉంది. ఐదు నిమిషాలకి టై సర్దుకుంటూ ఆ పెద్దమనిషే వచ్చి అందులో కూర్చున్నాడు.

ఆయన తలుపువైపు ఓసారి చూసి గొంతు తగ్గించాడు.

"ఆ అరుగు సంగతి ఇక్కడెవరికీ చెప్పకమ్మా. వచ్చే సోమవారం మనకి చోటు దొరకదు."