సరిహద్దు అవతలి శ్రోత

"బాబాయ్, ఆ ఫోను అసలు పనిచేస్తోందా?"

"నువ్వడగడం, నేను చూడటం. పొద్దుట్నుంచీ ఇదే సరిపోయింది మనకి," అని విసుక్కున్నాడు ఇంజినీరు. విసుక్కున్నాడే గానీ, రిసీవరు ఎత్తి ఇంకోసారి చెవి దగ్గర పెట్టుకుని చూశాడు. "బ్రహ్మాండంగా ఉంది. మోగడం ఒక్కటే తక్కువ."

పాట నడుస్తోంది కదా అని అనౌన్సరమ్మ మైకు వదిలేసి ఇవతలి గదిలోకి వచ్చి నిలబడింది. నిలబడ్డమేమిటి, కాలు కాలిన పిల్లిలా తిరుగుతోంది.

ఆ రేడియో కేంద్రం నుంచి పొరుగుదేశం వాళ్ల కోసం, వాళ్ల భాషలోనే, రోజూ ఒక కార్యక్రమం వెళ్తుంది. వార్తలు, పాటలు, నాలుగు కబుర్లు. ఆ భాష ఆమెకి అమ్మమ్మ నేర్పింది. అమ్మమ్మ పుట్టిల్లు సరిహద్దుకి అవతల. మళ్లీ ఆ గడప తొక్కకుండానే పోయింది. తన మాట ఆ వీధుల్లో ఎవరి చెవినైనా పడుతుందన్న ఆశతోనే అనౌన్సరమ్మ ఇన్నేళ్లూ మైకు ముందు కూర్చుంది. అవతల్నుంచి మాత్రం ఉలుకూ లేదు, పలుకూ లేదు.

గోడవార కుర్చీలో ప్రొఫెసరుగారు ఉన్నాడు. దేశాల మధ్య వార్తలూ మాటలూ ఎలా ప్రయాణం చేస్తాయో పరిశోధించే మనిషి. విదేశాలకి వెళ్లే ప్రసారాల్లో ఏది ఉంచాలో, ఏది మూయాలో తేల్చమని పైవాళ్లు ఆయన్ని పంపారు. వారం కిందట వచ్చినప్పుడే కుండబద్దలు కొట్టినట్టు చెప్పేశాడు. "వింటున్నవాళ్లుంటే ఫోను చెయ్యమని రోజూ చెప్పండమ్మా. వారంలో అక్కణ్ణుంచి ఒక్క ఫోను వచ్చినా కొనసాగించమని రాస్తాను. రాలేదా, మూసెయ్యమని రాస్తాను."

ఫోను రాకపోతే మూసేస్తారని ఆమె రోజూ మైకులో చెబుతూనే ఉంది. ఇవాళే ఆఖరి రోజు. ఇదే ఆఖరి పాట.

"ఇంకెంత ఉంది బాబాయ్?"

"రెండో చరణంలో పడింది."

"మూడో చరణం లేదా దీనికి?"

"ఎంచుకుంది నువ్వేగా తల్లీ! కాస్త పొడుగుది చూసుకోవాల్సింది."

ప్రొఫెసరు పెన్ను మూత తీశాడు. "ఏమీ అనుకోకండమ్మా. ప్రపంచమంతా జేబులోకి వచ్చేసిన రోజులివి. రేడియో ముల్లు తిప్పుతూ కూర్చునే ఓపిక ఎవరికుంది చెప్పండి?"

ఫోను మోగింది.

ఇంజినీరు లేచిన ఊపుకి కుర్చీ వెనక్కి పడింది. అనౌన్సరమ్మ గబుక్కున స్పీకరు నొక్కింది. మొదట ఏవో యంత్రాల హోరు. ఆ హోరులోంచి ఒక మగగొంతు, అచ్చం అమ్మమ్మ యాసలో.

"మూసేస్తారటగా చెల్లెమ్మా, నిజమేనా?"

"మీరు... మీరు మా కార్యక్రమం వింటారా అన్నయ్యా?"

"ఎంత మాట! ఒక్కరోజు వదిలితే ఒట్టు. మొన్న నీకు జలుబు చేసింది. వార్తల మధ్యలో దగ్గొస్తే ఆపుకున్నావు. అటుమొన్న పడవపాట రికార్డు ఒక్క ముక్క దగ్గరే గిరగిరా తిరిగింది."

ఆమె నవ్వుతూ, కళ్లు తుడుచుకుంటూ ఆ మాటలన్నీ అప్పటికప్పుడు వీళ్లకి చెబుతోంది. ప్రపంచ ప్రసారాల మీద ఇంత లావు పుస్తకాలు రాసిన ప్రొఫెసరుకి ఆ భాష ఒక్క ముక్క రాదు.

"రికార్డు తిరిగింది కూడా చెప్పాలా ఆ మహానుభావుడు!" అని ఇంజినీరు నెత్తి కొట్టుకున్నాడు.

"అడగండమ్మా, ఏ రేడియోలో వింటాడో అడగండి!" ప్రొఫెసరు కుర్చీని ముందుకి లాక్కున్నాడు.

"పెద్ద సెట్టు చెల్లెమ్మా. ఇంత మంచిది మా జిల్లాలోనే లేదు. నువ్వు ఊపిరి తీసుకున్నా నాకు తెలుస్తుంది. మొన్నామధ్య మీరు ఫ్రీక్వెన్సీ మార్చారు చూడు, ఆరోజు మాత్రం నా పైప్రాణాలు పైనే పోయాయి. అన్నం కూడా తినకుండా వెతికి వెతికి పట్టుకున్నాను."

"అన్నం మానేసి వెతికాడా!" ప్రొఫెసరు లేచి నిలబడ్డాడు. "ఆ ఊళ్లో ఇంకెవరైనా వింటారా?"

"ఒక్కడు కూడా వినడు. ఆ విషయంలో నా మాట నమ్మొచ్చు."

"పోన్లెండి. ఇలాంటివాడు ఒక్కడుంటే చాలదూ!"

పాట ఆఖరికొచ్చింది. ఇంజినీరు ఎవర్నీ అడక్కుండానే ఇంకో రికార్డు తగిలించేశాడు. "నువ్వు మాట్లాడమ్మాయ్, నేను చూసుకుంటా."

"చేతులెత్తి దండం పెడతాను, మూసెయ్యకండి చెల్లెమ్మా," అంది ఆ గొంతు. "ఇన్నేళ్లూ నీ గొంతు మీదే బతికాను. అది కాస్తా ఆగిపోతే నేనేమైపోవాలి?"

అనౌన్సరమ్మ ఆ మాట కూడా తిప్పి చెప్పింది. ప్రొఫెసరు కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు. కాగితం మీద 'కొనసాగించాలి' అని ఇంతింత అక్షరాలతో రాసి, కింద గీత గీసి, సంతకం పెట్టేశాడు. "డైరెక్టరుగారికి నేనే స్వయంగా చెబుతాను," అంటూ పసిపిల్లాడిలా వరండాలో పరుగెత్తాడు. ఇంజినీరు అయితే రెండు చేతులూ గాల్లోకి ఎత్తి, బొజ్జ ఊగేలా చిందులేస్తున్నాడు.

"అన్నయ్యా, మూయట్లేదు! రేపు కూడా వస్తాను, ఎల్లుండీ వస్తాను!"

"బతికించావు తల్లీ. మా ఆవిడకి ఇప్పుడే చెబుతాను."

"ఇంత చేశారు, మీ గురించి ఒక్క ముక్కయినా అడగలేదు నేను. ఏం చేస్తుంటారన్నయ్యా మీరు?"

"మీ ప్రసారం ఇక్కడ ఎవరికీ వినపడకుండా చూడటమే నా ఉద్యోగం, చెల్లెమ్మా."