నీళ్లు నిలిచే చోటు

ముసలాయన తన చేతిలోని గ్లాసెడు నీళ్లూ నగరం మీద ఒంపేశాడు.

ఆఫీసంతా నోరు వెళ్లబెట్టింది.

అది మామూలు బొమ్మ కాదు. పదిమంది నాలుగు నెలలు కూర్చుని చేసిన నమూనా. ఒక స్టార్టప్ సొంతంగా కట్టబోతున్న కొత్త నగరం. ప్రహరీలు లేని ఇళ్లు, కార్లు తిరగని వీధులు, ఏ గడప నుంచి బయల్దేరినా పిల్లలు పది నిమిషాల్లో నడిచి చేరుకునే బడి.

"అయ్యయ్యో, ఏంటి తాతగారూ ఇది!" ప్లానింగ్ ఇంజినీరు గుడ్డ పట్టుకుని పరుగెత్తుకొచ్చింది.

"తుడవకమ్మా, ఓసారి చూడు. నీళ్లు ఎటైనా పోతున్నాయా?"

ఎటూ పోలేదు. బొమ్మ వీధుల్లో అలాగే నిలిచిపోయాయి.

"మీ బొమ్మలో నేల అద్దంలా ఉంది. అక్కడ అలా లేదు. బడి ఎక్కడ పెట్టారో తెలుసా? సరిగ్గా నీళ్లు నిలిచే చోట."

"సర్వే చేయించాం తాతగారూ."

"ఎప్పుడు?"

"ఎండాకాలంలో."

"ఎండాకాలంలో నీళ్ల సంగతి నీళ్లకే గుర్తుండదమ్మా. నాతో రా, చూపిస్తా."

గార్డుని పిలుద్దామనుకుంది. కానీ ఆ గొంతులో తగువు లేదు, బతిమాలడం ఉంది. ఏమనుకుందో ఏమో, చెప్పులేసుకుని వెంట నడిచింది.

బడికి ముగ్గు పోసిన చోట ఆయన పలుగందుకున్నాడు, ఆమె పార పట్టింది. నడుం లోతు తవ్వేసరికి ఇద్దరికీ తల ప్రాణం తోకకొచ్చింది.

గొయ్యి పక్కగోడలో ఎర్రమట్టి మధ్య నల్లటి చారలు కనిపించాయి. మూడు.

"ఇది ఒండ్రు. నీళ్లు వారాల తరబడి నిలిచి ఇంకిపోయాక మిగిలేది ఇదే. ఒక్కో చారా ఒక్కో వరద." వేలితో గీకి, నాలుగు నత్తగుల్లలు తీసి ఆమె అరచేతిలో పెట్టాడు. "ఇవేమైనా షికారుకొచ్చాయా ఇక్కడికి?"

ఇంజినీరు గుల్లల వంకా గోతి వంకా మార్చి మార్చి చూసింది. ఆ ప్లాను మీద మొదటి సంతకం తనదే.

"ఇంతకీ మీరెవరు తాతగారూ?"

"ఈ చుట్టుపక్కలవాణ్ణే."

"మా కోసం మీకెందుకింత శ్రమ?"

"నాలుగొందల మంది పిల్లలు చదువుకుంటారని మీ ఆఫీసు గోడ మీద మీరే రాశారు కదా."

సంగతి వినగానే ఫౌండర్ ఒంటికాలి మీద లేచాడు. ఆ నగరాన్ని పదేళ్లుగా కలగంటున్నవాడాయన.

"బ్రోషర్లు అచ్చయ్యాయి. వచ్చే వారం పునాదిరాయి. ఎవరో దారిన పోయే దానయ్య చెబితే బడి జరపాలా?"

"అయితే బడి ప్లాను మీద నా సంతకం ఉండదు సార్."

"మరి ఉద్యోగం?"

"అది మీ ఇష్టం."

ఫౌండర్ ఆమె వంక ఎగాదిగా చూశాడు. కారు తాళాలు తీసుకుని ఒక్కడే బయల్దేరాడు. తెల్లటి బూట్లతోనే గోతిలోకి దిగాడు. తనూ గీకాడు. గుల్ల ఊడి చేతిలో పడింది.

మొండివాడే, కానీ తన కళ్లకి తాను అబద్ధం చెప్పుకునే మనిషి కాడు.

"జరపండి," అన్నాడు తిరిగొచ్చి. "ఆ పల్లాన్ని పల్లంగానే వదిలేద్దాం."

ఆ తర్వాత ఇరవై రోజులు ముసలాయన రోజూ వచ్చాడు. ప్యాంటు మోకాళ్ల దాకా మడిచి, నీళ్లు నడిచే దారంతా ఇంజినీరుకి చూపిస్తూ గూటాలు పాతించాడు. పేరడిగితే నవ్వేవాడు. టీ ఇస్తే వద్దనేవాడు. ఫౌండర్ కారు కనిపిస్తే చాలు, ఏదో పని గుర్తొచ్చినట్టు జారుకునేవాడు.

ఆఫీసులో అందరికీ ఆయన నీళ్ల తాత అయిపోయాడు.

చివరి గూటం పాతాక మళ్లీ రాలేదు.

రెండేళ్లకి ఎత్తు మీద బడి లేచింది. మొదటి కుటుంబాలు సామాన్లతో దిగాయి. ఆ ఏడే వాన పట్టుకుంది. మూడు రోజులు తెరిపివ్వలేదు.

పల్లంలో మనిషి మునిగేంత నీరు చేరింది. కొత్త చెరువుని చూసి పిల్లలు బడి కిటికీలకి అతుక్కుపోయి కేరింతలు కొడుతున్నారు. వాళ్ల వెనక నిలబడ్డ ఇంజినీరు, బడికి మొదట ముగ్గు పోసిన చోటు ఆ నీళ్లలో ఎక్కడుందో వెతుకుతోంది.

"ఆయన్ని ఎలాగైనా వెతుకు," అన్నాడు పక్కనే ఉన్న ఫౌండర్. "ఆ చెరువుకి ఆయన పేరే పెడదాం. కనీసం పేరు కూడా తెలుసుకోలేకపోయాం చూడు మనం!"

చుట్టుపక్కలంతా గాలించగా గాలించగా, నాలుగో రోజు ఒక పోస్ట్‌మాన్ ఇల్లు చూపించాడు.

కూతురు తలుపు తీసింది.

"నాన్న పోయి ఏడు నెలలైందండీ."

కూతురు ఇంజినీరుని లోపలికి పిలిచి, ఆయన గదిలో కూర్చోబెట్టింది. నాలుగు గోడల మీదా ఆ నేల పటాలే. ఏ ఏడు ఎంత వాన పడిందో, నీళ్లు ఎక్కడ ఎన్నాళ్లు నిలిచాయో, అన్నీ ఆయన చేతిరాతలోనే.

"మా నగరమంటే ఎంత ప్రేమండీ ఆయనకి!" అంది ఇంజినీరు కళ్లు తుడుచుకుంటూ. "కడుతున్న మాక్కూడా అంత లేదు."

కూతురు ఆమె వైపు తిరిగింది.

"ప్రేమా? అక్కడ మీ నగరం కట్టనివ్వకూడదని మూడేళ్లు మీ మీద కోర్టులో కేసు నడిపింది నాన్నేనండీ. ఓడిపోయిన మర్నాడు పొద్దున్నే, 'ఎలాగూ కట్టక మానరు, పిల్లలైనా మునక్కుండా చూద్దాం' అంటూ మీ ఆఫీసుకి బయల్దేరారు."