ఏడు రోజుల ఎడం

“దురదకు ఇంకెవరన్నా గోలీలు ఏస్తున్నరా దీనికి?” మోతి చెవుల వెనక బొచ్చు ఊడిన చోట వేలితో రుద్ది చూస్తూ అడిగింది డాక్టర్ శ్రీవాణి.

నకిరేకల్ పశువుల దవాఖానలో బల్ల మీద పడుకున్న కుక్క సన్నగా మూలిగింది. వెనక కాళ్ల కీళ్లు అరిగాయని డాక్టరమ్మ అంతకు ముందే చెప్పింది. దాని మెడ పట్టుకుని నిలబడ్డ నర్సింగమ్మ తల అడ్డంగా ఊపింది.

“నేనైతే ఏస్తలేను మేడం. అవతలింట్ల ఏస్తున్నరేమో తెల్వదు.”

“అవతలిల్లంటే?”

“మా యారాలిల్లు. మా మరిది పెండ్లాం. అన్నదమ్ములు పాలు పంచుకున్నప్పుడు అన్నీ రెండు చేసిన్రు. కుక్కను చెయ్యరాదు గద! పొద్దుగాల ఆడ రొట్టె తింటది, మాపటికి నా దగ్గర బువ్వ తింటది.”

డాక్టరమ్మ నవ్వింది కానీ, చీటీ రాసే చెయ్యి ఆగిపోయింది.

“అయితే అడిగినంకనే ఈ కీళ్ల గోలీ మొదలువెట్టు. దురద గోలీలల్ల కొన్నిటితోని ఫికర్ లేదు. కొన్ని మాత్రం దీనితోని అస్సలు పడయి. రెండూ కలిస్తే కడుపుల పుండ్లయి నెత్తురు పోతది. పేరేందో కనుక్కో.”

“మేం మాట్లాడుకోం మేడం. నాలుగేండ్లాయె.”

“మీ మాటల్లేకపోవుడుకు దాని పానం తీస్తరా?”

ఆటోలో ఇంటికొస్తున్నంత సేపూ నర్సింగమ్మకు ఆ మాటే చెవిలో మోగింది. బోరు నీళ్ల దగ్గర మగవాళ్లు ఇద్దరూ మాటామాటా అనుకున్నారు. వాకిలి మధ్యన గోడ లేచింది. ఆడవాళ్లను ఎవరూ అడగలేదు. అంతకు ముందు పదకొండేళ్లు ఒకే పొయ్యి ముందు, ఒకరు రొట్టె కొడితే ఒకరు కాల్చారు. సుహాసిని కొత్త కోడలిగా వచ్చినప్పుడు జొన్నరొట్టె గుండ్రంగా తిప్పడం రాకపోతే, చెయ్యి మీద చెయ్యి వేసి నేర్పింది నర్సింగమ్మే. గోడ లేచాక, అవతల రొట్టె కొడుతున్న చప్పుడు వింటేనే పిండిలో నీళ్లెక్కువైన సంగతి తెలిసిపోయేది. చెప్పాలని మాట నోటిదాకా వచ్చేది. మళ్లీ మింగేసేది.

ఇవాళ మింగడానికి లేదు. మోతిని పక్కన నిలబెట్టుకుని అవతలి గేటు తట్టింది.

“సుహాసినీ!”

తలుపు తీసిన సుహాసిని గడపలోనే నిలబడిపోయింది. “ఏంది?”

“మోతికి దురద గోలీలు ఏస్తున్నవా?”

సుహాసిని ఆమె ముఖం వంక చూసింది. పక్కనున్న మోతి వంక చూసింది. తర్వాత గొంతు పెంచింది.

“ఏస్తున్న. ఏం, ఎయ్యొద్దా? కుక్క నీ ఒక్కదాని సొమ్మని పంపకాల కాయితంల రాసుకున్నవా?”

“ఎయ్యొద్దని ఎవలన్నరు? ఏం గోలీలో చూపియ్యి.”

“ఒడిసినయి. అట్ట పారేసిన. తెల్లగ ఉంటయి. పేరు నాకేమెరుక, నేనేమన్న డాక్టర్నా?”

“ఎన్నొద్దులు ఏసినవ్?”

“నాలుగొద్దులు.”

నర్సింగమ్మ అక్కడే నిలబడి డాక్టరమ్మకు ఫోన్ చేసి, ఇద్దరికీ వినబడేలా పెట్టింది.

“పేరు తెల్వకుంటే పడని గోలీయే అనుకోవాలె,” అంది డాక్టరమ్మ. “దురదకు ఇగ ఏం ఎయ్యకుండ్రి. ఏడు రోజులు ఎడం ఇచ్చి, అప్పుడు కీళ్ల గోలీ తిండితోని పెట్టుండ్రి. అందాంక కాపడం పెట్టుండ్రి. వాంతి చేసుకున్నా, నల్లగ దొడ్డికి పోయినా ఎంటనే పట్కరాండ్రి. రెండిండ్లల్ల తింటది కాబట్టి రోజూ ఒకలినొకలు అడిగి చూసుకోవాలె.”

“ఏడొద్దులేనా మేడం?” అంది సుహాసిని.

“ఏడు చాలు.”

ఫోన్ పెట్టేసి నర్సింగమ్మ కస్సుమంది. “ఇన్నవా? నీ తెలివికి అది వారం రోజులు నొప్పితోని సావాలె.”

సుహాసిని వంగి మోతి నడుం నిమిరింది. “కాపడం నేనే పెడ్త,” అంది.

మర్నాడు తెల్లారేసరికి వేడి ఉప్పు మూటతో వచ్చింది. నాలుగేళ్ల తర్వాత ఆమె ఆ వాకిట్లో కాలు పెట్టడం అదే మొదలు. ఆ రోజు కుక్క మాటలు తప్ప ఇంకేం లేవు.

“రాత్రి దొడ్డికి ఎట్ల పోయింది?”

“మంచిగనే పోయింది.”

రెండో రోజు నర్సింగమ్మ చాయ్ గ్లాసు ముందు పెట్టింది. మూడో రోజు ఉండబట్టలేక అనేసింది. “పిండిల నీళ్లెక్కువ పోస్తున్నవ్ నువ్వు.”

“ఓయమ్మ! గోడకు చెవి ఆనిచ్చి ఇంటున్నవా ఏంది?”

ఇద్దరూ నవ్వారు. మోతి తలెత్తి ఇద్దరినీ మార్చి మార్చి చూసి, మళ్లీ పడుకుంది. ఆ తర్వాత ఒకరు కాలు పట్టుకుంటే ఒకరు మూట అద్దుతూ, నాలుగేళ్ల కబుర్లన్నీ చెప్పుకున్నారు. సుహాసినికి ఆపరేషన్ అయిన సంగతి నర్సింగమ్మకు అప్పుడే తెలిసింది. “నీకు చెప్పాలని గోడ దాంక వచ్చిన అక్కా,” అని తల వంచుకుంది సుహాసిని.

ఏడో రోజు మోతి లేవలేక మూలుగుతుంటే నర్సింగమ్మ దాని తల ఒళ్లో పెట్టుకుంది. అయినా ఈ ఎడం పది రోజులు ఉంటే బాగుండేదని మనసు అంది. ఆ పాపిష్టి మనసును ఆమే తిట్టుకుంది.

ఎనిమిదో రోజు పొద్దున సుహాసిని తెచ్చిన రొట్టె తినిపిస్తూ, నర్సింగమ్మ మధ్యలో ఒక ముక్కలో కీళ్ల గోలీ పెట్టి ఇచ్చింది. మోతి నమిలి మింగేసింది. సుహాసిని చీర కుచ్చిళ్లు దులుపుకుని లేచింది.

“ఇగ పోత అక్కా.”

రేపు కూడా రా అనాలనుకుంది నర్సింగమ్మ. ఏమని పిలవాలి? మోతికి ఇక చెయ్యాల్సిందేమీ లేదు.

“ఇగ నుంచి దానికి దురదకు ఏమన్న ఎయ్యాల్నంటే ముందుగాల నాకు చెప్పు,” అంది చివరికి.

గేటు దాకా వెళ్లిన సుహాసిని గొళ్లెం మీద చెయ్యి వేసి ఆగిపోయింది. వెనక్కి తిరగలేదు.

“అక్కా, నేను దానికి ఒక్క గోలీ గూడ ఎయ్యలే. లేదంటే నువ్వు అప్పుడే మర్లిపోతవని అట్లన్న.”