రెగ్యులర్‌గా చదవకపోవడానికి కారణం

"ఇది చెల్లదమ్మా," అన్నాడు పరిశీలనాధికారి, డిగ్రీ పట్టాను రెండు వేళ్లతో ఎత్తి పట్టుకుని.

ప్రభుత్వ టీచరు ఉద్యోగాలకు సర్టిఫికెట్ల పరిశీలన జరుగుతోంది. ఉదయం నుంచీ హాలు కిక్కిరిసి ఉంది. ఫ్యాన్లు తిరుగుతున్నాయి కానీ, గాలి అధికారి బల్ల దాటి రావడం లేదు. ఆయన వెనక గోడమీద 'సిఫారసులు, బంధుత్వాలు ఇక్కడ చెల్లవు' అని బోర్డు. పట్టుబట్టి ఆయనే రాయించాడు. ఆఫీసులో అందరూ ఆయన్ని చాటుగా రూల్సయ్య అంటారు. కోడిగుడ్డుకు ఈకలు పీకమంటే, ఎన్ని పీకాలో రాతపూర్వకంగా అడిగే మనిషి.

బల్లకు ఇవతల నిలబడ్డ ఆమెకు ముప్ఫై నాలుగేళ్లు. పదకొండేళ్లుగా ఒక బడిలో తాత్కాలిక టీచరుగా లెక్కలు చెబుతోంది. ఈసారి రాతపరీక్షలో మూడో ర్యాంకు తెచ్చుకుంది. వచ్చే నెలతో వయసు పరిమితి దాటిపోతుంది. ఇవాళ కాకపోతే ఇక ఈ జన్మకు సర్కారు ఉద్యోగం లేనట్టే.

"ఎందుకు చెల్లదు సార్? ప్రభుత్వ విశ్వవిద్యాలయమే కదా ఇచ్చింది."

"ఇచ్చింది. కానీ ఓపెన్ డిగ్రీ. టీచరన్నాక కాలేజీకి వెళ్లి, క్లాసులో కూర్చుని చదివుండాలి."

"మాకూ క్లాసులు జరిగాయి సార్, ఆదివారాలు. అదే కాలేజీ, అవే బెంచీలు, ఆ లెక్చరర్లే."

"ఆదివారం చదువు ఆదివారం చదువే. సోమవారం చదువు సోమవారం చదువే."

క్యూలో ఎవరో కిసుక్కుమన్నారు. ఆమెకు మాత్రం ఏడుపొచ్చింది. పళ్ల బిగువున ఆపుకుంది.

పక్క బల్ల గుమస్తాకు మనసు ఒప్పలేదు. పాపం, అతను వేరే ఊరి నుంచి బదిలీ మీద వచ్చి నిన్ననే చేరాడు. ఈ ఆఫీసులో నోరెప్పుడు మూసుకోవాలో ఇంకా తెలీదు. ఆమె ఫైలు ఇమ్మని చెయ్యి చాపాడు. రూల్సయ్య ఇవ్వలేదు. సరే, ఫైలు లేకపోతే పోయిందని సర్క్యులర్ల కట్ట విప్పి, వేలు తడి చేసుకుంటూ తిరగేశాడు.

"ఉంది సార్! ఇదిగో, ఇరవై ఆరో పేజీ. ఎవరైనా అడ్డుపడటం వల్ల కాలేజీకి దూరమైనవాళ్ల ఓపెన్ డిగ్రీని రెగ్యులర్‌తో సమానంగా తీసుకోవచ్చు."

రూల్సయ్య ఆ కాగితం లాక్కుని రెండుసార్లు చదివాడు. పైవాళ్ల సంతకం ఉంది, సీలుంది. అలాంటి రూలును కాదంటే ఆయనకు అన్నం సయించదు.

"చెప్పమ్మా, ఎవరు అడ్డుపడ్డారు?" అన్నాడు గుమస్తా హుషారుగా.

"మా నాన్నగారండీ. కాలేజీలో సీటొచ్చింది. ఆడపిల్లకి రోజూ బస్సెక్కి అంత దూరం ఎందుకు, ఓపెన్లో చదువుకో, అదీ డిగ్రీయే ఇదీ డిగ్రీయే అన్నారు."

"ఇంట్లో మగపిల్లల్ని కూడా అలాగే చదివించారా?"

"తమ్ముణ్ణి కాలేజీలోనే వేశారండీ. వాడిది రెగ్యులర్ డిగ్రీ. రెగ్యులర్‌గా మ్యాట్నీకి వెళ్లేవాడు."

హాలంతా గొల్లుమంది. రూల్సయ్య బల్ల చరిచాడు.

"అనవసరమైన విషయాలు వద్దు!"

"అసలు విషయమే అది సార్," అన్నాడు గుమస్తా. "ఆ తండ్రికి బుద్ధుండక్కర్లా? పరిగెత్తే పిల్ల కాళ్లు విరగ్గొట్టి కూర్చోబెడతాడా?"

"అలాంటివాణ్ణి నడిబజారులో నిలబెట్టి నాలుగు వాయించాలి," అంది క్యూలోంచి ఒక పెద్దావిడ.

"నోరు అదుపులో పెట్టుకోండి!" రూల్సయ్య ముఖం కందగడ్డలా అయింది. "ఆయన పరిస్థితులేమిటో మీకు తెలుసా? పెద్దవాళ్లని అనేముందు కాస్త ఆలోచించాలి."

"మీరు మంచివారు కాబట్టి ఎవర్నయినా వెనకేసుకొస్తారు సార్," అన్నాడు గుమస్తా భక్తిగా.

"ఆ మంచితనం సంగతి తర్వాత. ముందు పేజీ తిప్పి మిగతాది చదువు."

గుమస్తా చదివాడు. చదువుతున్నకొద్దీ అతని గొంతు నీరసించింది. అడ్డుపడిన మనిషి ఆ సంగతి ఒప్పుకుంటూ, పరిశీలనాధికారి ఎదుట స్వయంగా సంతకం చెయ్యాలట. అదీ ఆరోజు పరిశీలన ముగిసేలోగా.

గోడ గడియారం నాలుగూ నలభై చూపిస్తోంది. అయిదింటికి పరిశీలన ఆఖరు.

"చూశావా మరి?" అన్నాడు రూల్సయ్య, గట్టిగా ఊపిరి తీసుకుని. "ఏ తండ్రయినా నలుగురిలో తప్పు ఒప్పుకుంటాడా? పరువు పోదూ?" ఎర్రసిరా కలం మూత తీశాడు.

"అమ్మా, నువ్వు మీ నాన్నకి ఫోన్ కొట్టు. ఆటో కట్టించుకుని వచ్చేయమను," అని గుమస్తా తొందరపెట్టాడు.

"ఆఫీసు టైములో ఆయన సీట్లోంచి లేవరండీ."

"హవ్వ! కన్నకూతురి కంటే సీటెక్కువా?"

ఆమెకు పదహారేళ్లుగా కడుపులో దాచుకున్న కోపం ఒక్కసారిగా పైకొచ్చింది. బల్లమీద తెల్లకాగితం ఒకటి తీసుకుని గబగబా నాలుగు వాక్యాలు రాసింది. అంత కోపంలోనూ అక్షరాలు మాత్రం పిల్లలకు బోర్డుమీద రాసినట్టు గుండ్రంగానే వచ్చాయి. ఆ కాగితాన్ని అటువైపు తిప్పి, రూల్సయ్య ముందుకు జరిపింది.

"సంతకం ఇక్కడ పెట్టండి, నాన్నా."